ఆచార్యపీఠం నుండి ఔషధశాలకు: డాక్టర్ యల్లాప్రగడ సుబ్బారావు

విశ్వవిద్యాలయం వేరు, కర్మాగారం వేరు అనే భావం మన దేశంలో చాలాకాలంగా పాతుకొని ఉన్నది. ఒకటి సరస్వతీ నిలయమనీ, మరొకటి లక్ష్మీ నివాసమనీ, ఈ అత్తాకోడళ్లకు ఒక కప్పు క్రింద పొసగదనీ పెద్దలు సరసమాడటం కద్దు. ఇది పూర్తిగా నిజం కాదనటానికి మన కదిరి వాసులు దూరం పోనక్కరలేదు. మన ఊరి వ్యవసాయ పరిశోధనా స్థానంలో రూపొందిన కదిరి-3, కదిరి-6 వంటి వేరుశనగ రకాలు పరిశోధకుని మడి నుండి రైతు చేనికీ, చేని నుండి నూనె మిల్లుకూ నడిచి వెళ్లినవే. ఇతర రాష్ట్రాల రైతులు మన ఊరిని చూడకపోయినా విత్తనం పేరుగా దానిని ఎరుగుదురు.

విద్యాలయానికీ పరిశ్రమకూ నడుమ ఇటువంటి బాటనే మానవ ఆరోగ్యం కొరకు వేసిన తెలుగువాడు డాక్టర్ యల్లాప్రగడ సుబ్బారావు. ఆయనను గూర్చి వ్రాసేవారు సాధారణంగా ఆయన కనుగొన్న మందుల పట్టికను వల్లించి నమస్కరించి ఊరుకుంటారు. హార్వర్డ్ వంటి విశ్వవిద్యాలయాన్ని విడిచి ఒక మందుల కంపెనీకి ఆయన ఎందుకు వెళ్లవలసి వచ్చిందో, అక్కడ ఆయనకు లభించినదేమిటో, కోల్పోయినదేమిటో విద్యార్థులు తెలుసుకోవటం అంతకంటె ముఖ్యమని మేము భావిస్తున్నాము.

సుబ్బారావు 1895 జనవరి 12న భీమవరంలో జన్మించారు. తండ్రి జగన్నాథం, తల్లి వెంకమ్మ. ఇంట లేమి ఉండేది. పదమూడవ ఏట బాలుడు కాశీకి పోయి యాత్రికులకు అరటిపండ్లు అమ్మి ధనం గడించాలని ఇల్లు విడిచి బయలుదేరగా, దారిలోనే పట్టి వెనుకకు తెచ్చారు. మెట్రిక్యులేషన్ పరీక్షలో మూడవ ప్రయత్నంలో గాని గట్టెక్కలేదు. ఒకసారి తప్పి నిరాశపడిన విద్యార్థులు ఈ సంగతిని గుర్తుంచుకోవచ్చును. మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాల చదువు ముగించి వైద్య కళాశాలలో చేరినప్పుడు దేశమంతటా స్వదేశీ గాలి వీస్తున్నది. ఆయన ఖద్దరు ధరించి శస్త్రచికిత్సా తరగతికి వెళ్లటం ఆంగ్లేయ ఆచార్యునికి కంటగింపైంది. ఫలితంగా ఆయనకు ఎం.బి.బి.ఎస్. పట్టా దక్కలేదు, అంతకంటె తక్కువదైన ఎల్.ఎం.ఎస్. తోనే తృప్తిపడవలసి వచ్చింది. తరువాత మద్రాసు ఆయుర్వేద కళాశాలలో శరీరశాస్త్రం బోధించారు.

ఆయన జీవితాన్ని మలుపు తిప్పినది చదువు కాదు, ఇంటిలో జరిగిన మరణాలు. అన్న పురుషోత్తం, తమ్ముడు కృష్ణమూర్తి ఎనిమిది దినాల వ్యవధిలో స్ప్రూ అనే వ్యాధికి బలియైనారు. మన వైద్యులు గ్రహణి అని చెప్పే జబ్బు వంటిదే ఇది. తిన్నది ఒంటబట్టదు, విరేచనాలు తగ్గవు, రక్తం క్షీణించి రోగి నీరసించి పోతాడు. సుబ్బారావుకూ అదే వ్యాధి సోకినది. ఆయుర్వేద వైద్యులు డాక్టర్ ఆచంట లక్ష్మీపతి చికిత్సతో ఆయన బ్రతికి బయటపడ్డారు. ఆ వ్యాధికి మూలమేమిటో, మందేమిటో నాటి ప్రపంచంలో నిశ్చయంగా తెలిసినవారు లేరు.

మామగారైన కస్తూరి సూర్యనారాయణమూర్తి తోడ్పాటుతోనూ, కాకినాడలోని మల్లాడి సత్యలింగం నాయకర్ ధర్మసంస్థ ఇచ్చిన అండతోనూ ఆయన సముద్రం దాటి 1922 అక్టోబరులో బోస్టన్ చేరారు. వయస్సు ఇరవైయేడు. ఇంటి వద్ద భార్య శేషగిరి. హార్వర్డ్‌లో ఉష్ణమండల వైద్యం చదువుతూ, పొట్ట గడవటానికి ఆసుపత్రిలో రాత్రివేళ రోగుల మలమూత్ర పాత్రలు శుభ్రపరిచే పని చేశారు. పిదప జీవరసాయన శాఖలో సైరస్ ఫిస్కే వద్ద చేరారు.

ఈ ఘట్టాన్ని మేము క్లుప్తంగానే చెబుతాము, ఇది పాఠ్యగ్రంథాలలోకి ఎక్కినదే గనుక. రక్తంలోనూ మూత్రంలోనూ భాస్వరాన్ని కొలిచే పద్ధతిని ఫిస్కే, సుబ్బారావులు 1925లో ప్రకటించారు. ప్రయోగశాలలలో ఆ పద్ధతి వారిద్దరి పేరుతోనే చలామణి అయినది. 1927లో కండరాలలోని ఫాస్ఫోక్రియాటిన్‌నూ, 1929లో ఎ.టి.పి.నీ వెలికితీశారు. అదే సంవత్సరం జర్మనీలో కార్ల్ లోమన్ కూడా స్వతంత్రంగా ఎ.టి.పి.ని కనుగొన్నారు. మన శరీరంలో ప్రతి కదలికకూ శక్తినిచ్చే నాణెం ఇదేనని నేడు ఇంటర్మీడియట్ విద్యార్థికి కూడా తెలుసు. 1930లో సుబ్బారావుకు డాక్టరేటు లభించింది. ఇంత చేసినా హార్వర్డ్‌లో ఆయనకు శాశ్వతమైన ఆచార్యపదవి మాత్రం రాలేదు.

అప్పటికి ఆయన మనస్సు కాలేయం మీద లగ్నమై ఉన్నది. ఒక రకమైన తీవ్ర రక్తహీనతకు పశువుల కాలేయం ఆహారంగా ఇస్తే రోగి కోలుకుంటాడని బోస్టన్ వైద్యులు మైనట్, మర్ఫీ 1926లో చూపారు. కాలేయంలో దాగి ఉన్న ఆ పదార్థమేది? దానిని విడదీయటం విశ్వవిద్యాలయపు చిన్న గదిలో తేలే వ్యవహారం కాదు. అటువంటి పదార్థాలు ఉండేది అణుమాత్రం. చిటికెడు పొడి కావలెనన్నా బండ్ల కొలది ముడిసరుకు మరిగించాలి, వడపోయాలి, ఇంకించాలి. టెక్సాస్ విశ్వవిద్యాలయంలో మిచెల్, స్నెల్, విలియమ్స్ అనే శాస్త్రజ్ఞులు 1941లో ఫోలిక్ ఆమ్లానికి ఆ పేరు పెట్టినప్పుడు నాలుగు టన్నుల పాలకూరను ఉపయోగించవలసి వచ్చింది. అంతటి పాత్రలు, బాయిలర్లు, పనివారు ఉన్నది మందుల కర్మాగారాలలోనే. ప్రశ్న విద్యాలయంలో పుట్టినది, పొయ్యి మాత్రం పరిశ్రమలో ఉన్నది. 1940లో సుబ్బారావు న్యూయార్క్ రాష్ట్రంలోని పెర్ల్ రివర్‌లో ఉన్న లెడర్లీ ప్రయోగశాలలకు వెళ్లటానికి, పదవి రాకపోవటం ఒక కారణమైతే, ఇది అంతకంటె బలమైన కారణమని మా అభిప్రాయం.

లెడర్లీ అప్పుడు అమెరికన్ సయనమిడ్ అనే పెద్ద రసాయన సంస్థ అధీనంలో ఉండేది. అచిరకాలంలోనే సుబ్బారావు అక్కడ పరిశోధనా విభాగానికి అధిపతి అయినారు. చిత్రమేమనగా, ఆయన చాలాకాలం వెదకిన ఆ రక్తహీనతా నివారిణి ఆయనకు దొరకలేదు. విటమిన్ బి-12 అనే ఆ పదార్థం 1948లో మెర్క్, గ్లాక్సో సంస్థల శాస్త్రజ్ఞులకు దక్కింది. కాని ఆ వెదుకులాటలో చేతికి అందినది ఫోలిక్ ఆమ్లం. దీని కథకు భారతదేశంలో ఒక మొదలు ఉన్నది. బొంబాయి బట్టల మిల్లులలో పనిచేసే గర్భిణీ స్త్రీలకు వచ్చే రక్తహీనతను పరిశీలించిన లూసీ విల్స్ అనే వైద్యురాలు, ఈస్టు సారంతో అది నయమవుతుందని 1931లో ప్రకటించింది. ఆ సారంలోని గుణం ఫోలిక్ ఆమ్లానిదేనని పిమ్మట తేలింది.

కాలేయం నుండి దానిని వేరుచేయటంతో సుబ్బారావు ఆగలేదు. టన్నుల కాలేయంతో తయారయ్యే మందు ఎందరు పేదలకు అందుతుంది? కనుక రసాయనికంగా తయారుచేయాలని ఆయన పట్టుబట్టారు. పెర్ల్ రివర్‌లోని తన బృందాన్నీ, న్యూజెర్సీలోని బౌండ్ బ్రూక్‌లో ఉన్న రంగుల కర్మాగారపు రసాయనజ్ఞులనూ ఒక పనికి కూర్చారు. 1945లో కృత్రిమ ఫోలిక్ ఆమ్లం తయారైంది. దానిని ప్రకటించిన పత్రంలో పదహారుగురి పేర్లు ఉన్నవి. సుబ్బారావు పేరు వారి మధ్యలో ఎక్కడో ఉన్నది. టామ్ స్పైస్ అనే వైద్యుడు ఆ మందును క్యూబాలోని స్ప్రూ రోగులకు ఇచ్చి, వారి రక్తం తిరిగి పుంజుకోవటం చూచినారు. అన్నదమ్ములు పోయిన ఇరవై అయిదేళ్లకు ఆ వ్యాధికి ఇంతమాత్రం సమాధానం దొరికింది. నేడు మన ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో గర్భిణులకు ఇనుముతో కలిపి ఇచ్చే మాత్రలో ఉన్నది ఈ ఫోలిక్ ఆమ్లమే.

ఆ తరువాతి సంగతి మాకు మరింత విలువైనదిగా తోస్తున్నది, ఎందుకంటే ఇందులో రాకపోకలు రెండు వైపులా జరిగినవి. బోస్టన్ బాలల ఆసుపత్రిలో సిడ్నీ ఫార్బర్ అనే హార్వర్డ్ వైద్యుడు రక్తపు క్యాన్సర్ సోకిన పిల్లలకు ఫోలిక్ ఆమ్ల సంబంధమైన పదార్థం ఇచ్చి చూడగా, వ్యాధి తగ్గకపోగా పెచ్చుపెరిగినట్లు కనిపించింది. అట్లయితే ఫోలిక్ ఆమ్లాన్ని అడ్డుకునే మందు కావాలి. తాళంలో దూరుతుంది గాని తిరగదు, అసలు తాళంచెవిని దూరనివ్వదు. అటువంటి నకిలీ తాళంచెవి వంటి పదార్థం. దానిని సుబ్బారావు బృందం తయారుచేసి ఇచ్చింది. అమినోప్టెరిన్ అనే ఆ మందుతో పదహారుగురు పిల్లలలో పదిమందికి వ్యాధి తాత్కాలికంగా వెనుకంజ వేసిందని ఫార్బర్ 1948 జూన్‌లో ప్రకటించారు. తాత్కాలికమే, ఆ పిల్లలు బ్రతికి బట్టకట్టలేదు. అయినా మందుతో ఈ వ్యాధిని వెనుకకు నెట్టవచ్చునని వైద్యలోకానికి అప్పుడే నమ్మకం కుదిరింది. దాని సోదరి వంటి మెథోట్రెక్సేట్‌ను నేటికీ క్యాన్సర్‌కూ కీళ్లవాతానికీ వాడుతున్నారు. ఆసుపత్రి లేకపోతే కర్మాగారానికి ఏమి తయారుచేయాలో తెలిసేది కాదు. కర్మాగారం లేకపోతే ఆసుపత్రి వద్ద ఊహ తప్ప మందు ఉండేది కాదు.

ఆరియోమైసిన్ కథ కూడా ఇటువంటిదే. విస్కాన్సిన్ విశ్వవిద్యాలయంలో వృక్షశాస్త్రం బోధించి డెబ్బదేళ్లు దాటి విశ్రాంతి తీసుకున్న బెంజమిన్ డగ్గర్‌ను లెడర్లీ పనిలోకి తీసుకున్నది. మన కచేరీలలో అయితే ఆ వయస్సువానికి పెన్షను కాగితాలే గతి. మిస్సోరీ విశ్వవిద్యాలయపు శాన్‌బర్న్ అనే ప్రయోగక్షేత్రం నుండి వచ్చిన పిడికెడు మట్టిలోని సూక్ష్మజీవి ఈ మందును ఇచ్చింది. 1948 జూలైలో అది లోకానికి వెల్లడి అయినది. టెట్రాసైక్లిన్ వర్గపు మందులలో ఇది మొదటిది. స్ప్రూ రోగికి నేడు ఫోలిక్ ఆమ్లంతో పాటు ఇచ్చేది ఆ వర్గపు మందే. బోదకాలుకు వాడే హెట్రజాన్ 1947లో అదే ప్రయోగశాల నుండి వచ్చినది. కోస్తా జిల్లాలలో ఇంటింటికీ తిరిగి మింగించిన డి.ఇ.సి. మాత్ర అదే.

ఈ పనిని ఆయన స్వదేశంలో చేయరాదా అని విద్యార్థులు అడుగవచ్చును. కలకత్తాలో రసాయనాచార్యులు ప్రఫుల్లచంద్ర రాయ్ 1901లో బెంగాల్ కెమికల్స్‌ను నెలకొల్పారు. బెర్లిన్‌లో డాక్టరేటు పొందిన ఖ్వాజా అబ్దుల్ హమీద్ బొంబాయిలో 1935లో సిప్లాను స్థాపించారు. ఆ మహానుభావులు విత్తిన మొక్కలు అప్పటికి చిన్నవి. లెడర్లీకి ఉన్నంత హంగు అప్పటి మన దేశంలో లేదు.

పరిశ్రమలో ఆయన పొందినదానికి వెల కూడా ఉన్నది. కంపెనీ మందు కంపెనీ పేరుతో అమ్ముడవుతుంది. పత్రాలలో తన పేరు ముందుండాలని సుబ్బారావు కోరలేదు. సహచరులను ముందుకు నెట్టారు. ఆరియోమైసిన్ అనగానే డగ్గర్, అమినోప్టెరిన్ అనగానే ఫార్బర్ గుర్తుకు రావటం సహజమే, వారి శ్రమ వారిది. కాని వారందరినీ కలిపిన దారం ఎవరికీ కనిపించలేదు. ఆచార్యుడై ఉంటే శిష్యపరంపర అయినా ఆయన పేరు నిలిపేది. ఆయన అమెరికా పౌరసత్వం స్వీకరించలేదు. స్వదేశానికి తిరిగి రానూలేదు. శేషగిరిని మరల చూడనూలేదు.

1948 ఆగష్టులో, యాభై మూడవ ఏట, ఆయన నిద్రలోనే కన్నుమూశారు. ఆరియోమైసిన్ లోకానికి తెలిసి అప్పటికి కొన్ని వారాలే అయినది. కొందరు శాస్త్రజ్ఞులు 1953లో ఒక శిలీంధ్రానికి సుబ్బారోమైసిస్ అని ఆయన పేరు పెట్టారు. భారత తపాలా శాఖ 1995లో శతజయంతి సందర్భంగా ఆయన బొమ్మతో బిళ్ల విడుదల చేసింది. లెడర్లీ సంస్థ పలు చేతులు మారి 2009లో ఫైజర్‌లో కలిసిపోయింది.