జార్జన్న గొంతును దాసిపెట్టిన కెమెరా

ఓయూల అడుగుపెట్టిన ఎవ్వరికైన జార్జిరెడ్డి పేరు ఎరుకే. 1972 ఏప్రిల్ 14న ఇంజినీరింగ్ కాలేజీ హాస్టల్ కాడ పొడిచి సంపిన్రు. అప్పటికి ఆయనకు 25 ఏండ్లు. ఆయన మీద పాటలు పుట్టినయ్, 2019ల సినిమా గూడ వచ్చింది. అయితే, ఆయనే సొంతంగ మాట్లాడిన రీలు ఒకటున్నది. అది తీసినాయన పేరు మాత్రం మనోళ్లల్ల శానమందికి తెల్వదు. ఫాలీ బిలిమోరియా.

1923ల పుట్టిండు. డాక్టర్ చదువు నడిమిట్ల ఇడిసిపెట్టి డాక్యుమెంటరీల దిక్కు వచ్చిండు. పాల్ జిల్స్ అనే జర్మన్ ఆయనతోని కలిసి చిత్రాలు తీసిండు. కెమెరా పట్టిండు, దర్శకత్వం చేసిండు, నిర్మాత అయిండు. డాక్యుమెంటరీల కోసమే ఒక పత్రిక గూడ నడిపిన్రు. ఒక్క మనిషి, ఇన్ని పనులు.

1968ల ఒడిశాల ఒక పల్లెకు పోయి, ఆనంద అనే మామూలు మనిషి కుటుంబం మీద చిత్రం తీసిండు. అది ఆస్కార్ నామినేషన్ దాక పోయింది. అవార్డు రాలే. కని పల్లెటూరి ఇంటి ముచ్చటను లోకం జూసింది.

1971ల ఫిలిమ్స్ డివిజన్ కోసం ‘క్రైసిస్ ఆన్ ది క్యాంపస్’ తీసిండు. అండ్ల జార్జన్న ఉన్నడు. సర్కారు సంస్థ చిత్రంల ఎదురు మాట్లాడే విద్యార్థికి చోటు దొరికింది. ఏడాది తిరిగేసరికి ఆ విద్యార్థి లేడు. రీలు ఉన్నది.

ఇయ్యాల తార్నాక కిరాయి రూముల్ల మా తమ్ముళ్లు గూడ గిట్లనే చేస్తున్నరు. షూటింగ్ ఒక్కడే, ఎడిటింగ్ ఒక్కడే, వాయిసూ వాడే. పైసల్లేక చేస్తున్నమని చిన్నబోతరు. చిన్నబోవుడెందుకు? ఈ పని పుట్టిందే గట్ల. నేను అడిగేది ఇంకోటి. వ్యూస్ రాలేదని వీడియో తీసేస్తున్నరు, ఫోన్ నిండిందని ధర్నాల ఫుటేజీ చెరిపేస్తున్నరు. 1969ల పానాలిచ్చినోళ్లల్ల ఎందరి గొంతు ఇయ్యాల మన కాడున్నది? రేపు మన పిల్లలు గిదే అడిగితే ఏం చూపెడ్తం?

బిలిమోరియా 2001ల పోయిండు. ఆయన మన ఊరోడు గాదు, మన భాషోడు గాదు. అయినా మన క్యాంపస్ గొంతును దాసిపెట్టిపోయిండు. మనూరి గొంతును మనం దాసుకోలేమా? తీసిన వీడియో మీద తారీఖు, ఊరు, మనిషి పేరు రాయున్రి. పేరు చెప్తే ఆ మనిషికి ఆపదైతదంటే పేరు ఇడిసిపెట్టున్రి. ఒక కాపీ ఫోన్ల, ఇంకోటి హార్డ్‌డిస్క్‌ల పెట్టున్రి. కోతలు కోసిన ముక్క గాదు, మొత్తం పెట్టున్రి.