విశ్రాంతిలో పండిన కృషి – గిడుగు రామమూర్తి పంతులు

వ్యావహారిక భాషోద్యమ సారథిగా గిడుగువారు మనందరికీ తెలుసు. ఉద్యోగ విరమణ చేసిన మనం తలచుకోదగిన మరో కృషి ఆయన సవర భాషా సేవ.

1863 ఆగస్టు 29న శ్రీముఖలింగం దగ్గరి పర్వతాలపేటలో జన్మించిన పంతులుగారు పర్లాకిమిడిలో ఉపాధ్యాయులుగా పనిచేశారు. చుట్టుపక్కల కొండల్లోని సవరల పిల్లలకు వారి మాటలోనే చదువు చెప్పాలని సంకల్పించారు. తెలుగు వచ్చిన ఒక సవరను ఇంట ఉంచుకొని ఆ భాష నేర్చుకున్నారు. పాఠ్యపుస్తకాలు వ్రాశారు, సొంత ఖర్చుతో బడులు పెట్టారు. మన్యపు జ్వరానికి వాడిన క్వినైన్ వల్ల వినికిడి తగ్గినా పదాల సేకరణ మానలేదు.

సవర తెలుగుకు యాస కాదు. తెలుగు ద్రావిడ భాష. సవర ముండా కుటుంబానికి చెందినది. దాని నుడికారాన్ని గ్రంథస్థం చేయడానికి పంతులుగారికి దశాబ్దాలు పట్టింది.

1911లో పదవీ విరమణ చేశారు. సవర వ్యాకరణం 1931లో వెలువడింది. 1936లో పర్లాకిమిడి ఒరిస్సాలో కలవగా, మనసు కష్టపెట్టుకొని, ఏళ్ల తరబడి బ్రతికిన ఊరు విడిచి రాజమండ్రి చేరారు. ఇల్లు మారినా పని ఆగలేదు. సవర–ఇంగ్లీషు నిఘంటువు 1938లో వచ్చింది. 1940 జనవరి 22న కన్నుమూశారు.

పింఛను పుచ్చుకున్న తరువాతే పంతులుగారి పెద్ద గ్రంథాలు వెలువడ్డాయన్నది మనకు ధైర్యాన్నిచ్చే మాట.