రుద్రమదేవి: శాసనాల్లో 'మహారాజు'.. మరణం సంగతి చెప్పింది చందుపట్ల రాయి!

వరంగల్: కాకతీయ గణపతిదేవుడికి కొడుకుల్లేరు. దీంతో కూతురు రుద్రమనే వారసురాలిని చేశాడు. 13వ శతాబ్దంలో ఇది మామూలు విషయం కాదు. అందుకే శాసనాల్లో ఆమె పేరు రుద్రదేవ మహారాజు! కొలువుకు మగవేషంలోనే వచ్చేవారని చెబుతారు.

1262 ప్రాంతంలో పగ్గాలు పూర్తిగా ఆమె చేతికొచ్చాయి. ఆడమనిషి గద్దెనెక్కడం ఏంటని కొందరు సామంతులు తిరగబడ్డారు. ఇదే అదనుగా దేవగిరి యాదవ రాజు మహాదేవుడు దండెత్తాడు. కాకతీయ సేన అతణ్ని వెనక్కి తరిమింది. బీదర్‌లో ఆమె కాలం నాటి శాసనం దొరికిందంటే సేన ఎంత దూరం వెళ్లిందో అర్థం చేసుకోవచ్చు.

ఓరుగల్లు రాతికోట గోడ ఎత్తు పెంచింది రుద్రమే. దాని చుట్టూ మట్టికోట, అగడ్త కూడా ఆమె హయాంలోవే. ఇవాళ ఖిలా వరంగల్ వెళ్లేవాళ్లు చూసే మట్టికట్ట అదే.

భర్త నిడదవోలు చాళుక్య వీరభద్రుడు. ముగ్గురూ కూతుళ్లే. పెద్ద కూతురు ముమ్మడమ్మ కొడుకు ప్రతాపరుద్రుణ్ని దత్తత తీసుకుని వారసుణ్ని చేశారు.

ఇక చివరి పోరు సొంత సామంతుడితోనే. కాయస్థ అంబదేవుడు ఎదురు తిరిగాడు. వయసు మీద పడ్డా రుద్రమ పోరుకు కదిలారు.

ఆమె మరణం గురించి చెప్పే ఆధారం ఓ చిన్న దాన శాసనం. నల్గొండ జిల్లా చందుపట్లలో ఉంది. తేదీ 1289 నవంబర్. రుద్రమ, సేనాని మల్లికార్జున నాయకుడు శివలోకం చేరారని, వాళ్ల పుణ్యం కోసం పువ్వుల ముమ్మడి అనే భటుడు గుడికి భూమి ఇచ్చాడు. ఎలా చనిపోయారో అందులో రాయలేదు. అంబదేవుడితో యుద్ధంలోనే అన్నది చరిత్రకారుల మాట. అతడి లెక్క తేల్చే పని ప్రతాపరుద్రుడికి మిగిలింది.