సురభి కమలాబాయి

ఇరవయ్యవ శతాబ్దం తొలి సంవత్సరాలవి. ఒక ఊరిలో సురభి వారి నాటకం జరుగుతున్నది. నిండు గర్భిణి అయిన వెంకూబాయి వేషం కట్టి రంగస్థలం మీద నటిస్తున్నది. ఉన్నట్టుండి ఆమెకు నొప్పులు మొదలయ్యాయి. వెంటనే తెర దించారు. ఆ తెర వెనుకనే ఆమెకు ఆడపిల్ల పుట్టింది. సంగతి తెలిసిన ప్రేక్షకులు సంతోషంతో కానుకలు ఇచ్చారని చెబుతారు. ఆ పిల్లయే సురభి కమలాబాయి.

సురభి వారి పూర్వులు మరాఠీ ప్రాంతం నుండి తెలుగు దేశానికి వచ్చినవారు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో వనారస కుటుంబం వారు కీచకవధ ప్రదర్శించారు. ఆ ఊరి పేరే వారి సమాజానికి పేరయింది. ఆ రోజులలో నాటకాలలో స్త్రీ పాత్రలను చాలావరకు పురుషులే ధరించేవారు. నటించే స్త్రీలను లోకం చిన్నచూపు చూసేది. సురభి వారు మాత్రం తమ ఇంటి స్త్రీల చేతనే స్త్రీ పాత్రలు వేయించారు.

కమలాబాయికి నాటకశాలయే బడి. చిన్నతనంలో కృష్ణుడు, ప్రహ్లాదుడు మొదలైన పాత్రలు ధరించింది. పెద్దయిన తరువాత నాయిక పాత్రలలో పేరు పొందింది. మైకులు లేని ఆ కాలంలో చివరి వరుసలో కూర్చున్నవారికి కూడా వినబడేటట్లు పాడటం, స్పష్టంగా పలకడం ఆమెకు అలవడింది.

అప్పటి సినిమాలకు మాటలు లేవు. స్త్రీలు నటించడానికి ముందుకు రాలేదు. అందువలన 1921లో మద్రాసులో తీసిన భీష్మ ప్రతిజ్ఞ అనే మూకీ చిత్రంలో గంగ పాత్రను పెగ్గీ కాస్టెల్లో అనే తెల్లజాతి యువతి ధరించింది. మాట అవసరం లేదు కనుక అది సాధ్యమయింది. 1931లో మన దేశంలో టాకీలు వచ్చాయి. ఇక తెలుగు చక్కగా పలికి, పాడగల నటి కావలసి వచ్చింది.

హెచ్.ఎం. రెడ్డి భక్త ప్రహ్లాద చిత్రాన్ని బొంబాయిలో తీశాడు. దక్షిణాదిలో అప్పటికి టాకీలు తీసే స్టూడియో లేదు. అందులో ప్రహ్లాదుని తల్లి లీలావతిగా కమలాబాయి నటించింది. నేపథ్యగానం లేని రోజులవి. నటులు నటిస్తూనే తమ పాటలు తామే పాడవలసి ఉండేది. రంగస్థలం నేర్పిన విద్య ఆమెకు అక్కడ అక్కరకు వచ్చింది. 1932 ఫిబ్రవరి 6న ఆ చిత్రం బొంబాయిలో విడుదలయింది. పూర్తిగా తెలుగులో తయారైన మొదటి టాకీ అదే. తొలి తెలుగు సినీనటిగా కమలాబాయి కీర్తి పొందింది.

అదే సంవత్సరం పాదుకా పట్టాభిషేకంలో సీతగా, శకుంతలలో శకుంతలగా నటించింది. తరువాత బొంబాయిలోనే ఉండి హిందీ చిత్రాలలో కూడా నటించింది. 1951లో వచ్చిన పాతాళభైరవిలో తోటరాముని తల్లిగా ప్రేక్షకుల మన్ననలు అందుకొన్నది.

మరాఠీ మూలాలు గల కుటుంబంలో పుట్టిన కమలాబాయి తెలుగు మాటకు వెండితెర మీద తొలి స్త్రీ గొంతుక అయింది. పుట్టుకతో వచ్చినా, నేర్చుకొన్నా, శ్రద్ధతో సాధన చేసినవారికే భాష వశమవుతుందని ఆమె జీవితం తెలియజేస్తున్నది.